రేచెల్ కార్సన్

రేచెల్ లూయీజ్ కార్సన్ (1907 మే 27 – 1964 ఏప్రిల్ 14) అమెరికా సంయుక్త రాష్ట్రాలకు చెందిన సముద్ర జీవశాస్త్రవేత్త, సుప్రసిద్ధ రచయిత్రి. పురుగుమందుల విచ్చలవిడి వాడకం వలన ప్రాణికోటికి కలుగుతున్న హానిని వివరిస్తూ 1962లో ఈమె వెలువరించిన సైలెంట్ స్ప్రింగ్ (నిశ్శబ్ద వసంతం) అనే గ్రంథం ఆధునిక పర్యావరణ ఉద్యమానికి నాంది పలికిన రచనలలో ఒకటిగా పేరు పొందింది. అంతకు ముందే సముద్రాన్ని గురించి వ్రాసిన మూడు గ్రంథాల ద్వారా ఈమె శాస్త్ర విషయాలను సామాన్య పాఠకులకు చేరువ చేసింది.

కార్సన్ జీవితంలో అంతగా ప్రచారం పొందని అంశం బాలల విద్యను గురించిన ఆమె చింతన. ప్రతి శిశువూ లోకాన్ని చూసి అబ్బురపడే గుణంతోనే పుడతాడనీ, పెద్దల అలక్ష్యం వలన ఆ గుణం క్రమంగా అణగారిపోతుందనీ, దానిని నిలబెట్టడమే విద్యకు మొదటి మెట్టు అనీ ఈమె భావించింది. 1956లో ఒక పత్రికా వ్యాసంగా వ్రాసిన ఈ భావాలు ఆమె మరణానంతరం 1965లో ద సెన్స్ ఆఫ్ వండర్ అనే చిన్న పుస్తకంగా వెలువడ్డాయి. ఆ వ్యాసాన్ని విస్తరించి పెద్ద గ్రంథం వ్రాయాలన్న ఆమె కోరిక మాత్రం నెరవేరలేదు.

బాల్యం

కార్సన్ పెన్సిల్వేనియా రాష్ట్రంలో, పిట్స్‌బర్గ్ నగరానికి ఎగువన అల్లెఘేనీ నది ఒడ్డున ఉన్న స్ప్రింగ్‌డేల్ అనే చిన్న ఊరిలో జన్మించింది. తండ్రి పేరు రాబర్ట్ వార్డెన్ కార్సన్, తల్లి పేరు మరియా. ముగ్గురు సంతానంలో రేచెల్ చివరిది. అక్క మరియన్ ఈమె కంటే సుమారు పదేళ్ళు, అన్న రాబర్ట్ సుమారు ఎనిమిదేళ్ళు పెద్దవారు. ఊరి అంచున వారికి దాదాపు 65 ఎకరాల భూమి ఉండేది. అందులో ఆపిల్ చెట్లు, పచ్చిక, అడవి ఉండేవి. ఇల్లు మాత్రం చాలా చిన్నది, కొళాయి సౌకర్యం కూడా లేనిది. భూమిని ఇళ్ళ స్థలాలుగా అమ్మి లాభం పొందాలన్న తండ్రి ఆశ ఫలించలేదు. కుటుంబం ఎప్పుడూ ఆర్థిక ఇబ్బందులలోనే ఉండేది.

తల్లి మరియా పెళ్ళికి ముందు బడిపంతులమ్మ. ఆ కాలపు ఆచారం ప్రకారం వివాహం కాగానే ఆమె ఉద్యోగం మానుకోవలసి వచ్చింది. బడిలో చెప్పలేకపోయిన పాఠాలను ఆమె చిన్న కూతురికి పొలంలో, అడవిలో చెప్పింది. పెద్ద పిల్లలిద్దరూ బడికి వెళ్ళిన తరువాత తల్లీకూతుళ్ళు చెట్ల మధ్య తిరుగుతూ పక్షులను, పురుగులను, పువ్వులను పరిశీలించేవారు. ఇంటిలోకి వచ్చిన పురుగును చంపకుండా పట్టి బయట వదిలిపెట్టడం మరియాకు అలవాటు. అంటువ్యాధుల భయంతో ఆమె కూతురిని తరచు బడి మాన్పించి ఇంటివద్దనే చదివించేది. ఈ విధంగా రేచెల్ తొలి చదువులో పుస్తకానికి, పొలానికి సమాన స్థానం లభించింది.

రేచెల్ చిన్ననాటి నుండే రచనలు చేసింది. బాలల రచనలను ప్రచురించే సెయింట్ నికొలాస్ అనే ప్రసిద్ధ మాసపత్రికలో, 1918 సెప్టెంబరు సంచికలో ఆమె కథ అచ్చయింది. అప్పటికి ఆమె వయస్సు 11 సంవత్సరాలు. ఆ రచనకు వెండి పతకం కూడా లభించింది.

ప్రకృతి పాఠాల ఉద్యమం

మరియా కూతురికి నేర్పిన పద్ధతి వెనుక ఆనాడు అమెరికాలో సాగుతున్న ఒక విద్యా ఉద్యమం ఉన్నది. 19వ శతాబ్ది చివర ప్రకృతి అధ్యయనం అనే పేరుతో ఈ ఉద్యమం ప్రారంభమైంది. ప్రకృతిని పుస్తకాలలో కాక ప్రకృతిలోనే చదవాలని బోధించిన లూయీ అగాసీ వంటి శాస్త్రవేత్తల ప్రభావం దీనిపై ఉన్నది. 1890 దశకంలో ఏర్పడిన ఆర్థిక మాంద్యం వలన న్యూయార్క్ రాష్ట్రంలో రైతు కుటుంబాలు పల్లెలను విడిచి నగరాలకు తరలిపోసాగాయి. పిల్లలలో నేల పట్ల మమకారం పెంచితే ఈ వలస తగ్గవచ్చునన్న ఆశతో కార్నెల్ విశ్వవిద్యాలయం పల్లె బడులకు ప్రకృతి పాఠాలను రూపొందించింది.

కార్నెల్‌కు చెందిన లిబర్టీ హైడ్ బెయిలీ 1903లో ప్రచురించిన గ్రంథంలో ఈ ఉద్యమ సిద్ధాంతాన్ని వివరించాడు. ఆయన దృష్టిలో ప్రకృతి పాఠం శాస్త్ర పాఠం కాదు. పిల్లవానిచేత వర్గీకరణలు, లాటిన్ పేర్లు వల్లె వేయించడం దాని ఉద్దేశం కాదు. తన చుట్టూ ఉన్న ప్రాణులతో పిల్లవానికి స్నేహం కలిగించడమే దాని ఉద్దేశం. ఆయన సహచరి అన్నా బాట్స్‌ఫోర్డ్ కామ్‌స్టాక్ 1911లో ఉపాధ్యాయుల కోసం ఒక పెద్ద చేతిపుస్తకం వ్రాసింది. కోడి, కప్ప, చీమ, గడ్డిపువ్వు వంటి సామాన్యమైన వాటిని తీసుకొని, పిల్లవాడు స్వయంగా చూసి సమాధానం చెప్పుకోవలసిన ప్రశ్నల రూపంలో ఆమె పాఠాలను కూర్చింది. సమాధానం తెలియనప్పుడు ఉపాధ్యాయుడు ఆ సంగతి ఒప్పుకొని, పిల్లలతో కలసి వెదకాలని ఆమె సూచించింది. మరియా ఈ ఉద్యమాన్ని ఎంతో ఇష్టంగా అనుసరించింది. నాలుగు దశాబ్దాల తరువాత కూతురు పిల్లల గురించి వ్రాసిన వ్యాసంలో ఈ ఉద్యమ ప్రభావం స్పష్టంగా కనిపిస్తుంది.

విద్యాభ్యాసం

1925లో ఉన్నత పాఠశాల చదువును తరగతిలో ప్రథమురాలిగా పూర్తిచేసిన కార్సన్, పిట్స్‌బర్గ్‌లోని పెన్సిల్వేనియా మహిళా కళాశాలలో చేరింది. ఈ కళాశాలకు తరువాత చాథమ్ అనే పేరు వచ్చింది. కూతురి రుసుముల కోసం తల్లి ఇంటివద్ద పియానో పాఠాలు చెప్పింది, ఇంటిలోని పింగాణీ సామాను అమ్మింది. రచయిత్రి కావాలనే కోరికతో కార్సన్ మొదట ఆంగ్ల సాహిత్యాన్ని ప్రధాన విషయంగా ఎంచుకొన్నది. అయితే జీవశాస్త్రం బోధించే మేరీ స్కాట్ స్కింకర్ అనే అధ్యాపకురాలి పాఠాలు ఆమెను ఎంతగానో ఆకర్షించాయి. 1928లో కార్సన్ సాహిత్యాన్ని వదలి జీవశాస్త్రానికి మారింది. ఆ కాలంలో స్త్రీలకు శాస్త్రరంగంలో ఉద్యోగావకాశాలు అతి తక్కువ కనుక పలువురు ఈ నిర్ణయాన్ని తప్పుపట్టారు.

1929లో పట్టభద్రురాలైన తరువాత, ఆ వేసవిలో మసాచుసెట్స్ తీరంలోని వుడ్స్ హోల్ సముద్ర జీవశాస్త్ర పరిశోధనాలయంలో కొన్ని వారాలు గడిపింది. చిన్ననాటి నుండి సముద్రాన్ని గురించి చదువుతూ, ఊహించుకొంటూ వచ్చిన కార్సన్ సముద్రాన్ని కంటితో చూడడం అదే మొదటిసారి. అప్పటికి ఆమెకు 22 సంవత్సరాలు. అనంతరం జాన్స్ హాప్కిన్స్ విశ్వవిద్యాలయంలో చేరి 1932లో జంతుశాస్త్రంలో మాస్టర్స్ పట్టం పొందింది. డాక్టరేటు చేయాలని ఉన్నా, కుటుంబ పోషణ భారం వలన 1934లో చదువు విరమించుకోవలసి వచ్చింది.

ప్రభుత్వోద్యోగం, కుటుంబ భారం

1935లో తండ్రి హఠాత్తుగా మరణించాడు. తల్లిని పోషించవలసిన బాధ్యత రేచెల్‌పై పడింది. అప్పటి ఫెడరల్ మత్స్యశాఖ అధికారి ఎల్మర్ హిగిన్స్ ఆమెకు రేడియో కార్యక్రమాలు వ్రాసే తాత్కాలిక పనిని అప్పగించాడు. నీటి అడుగున జీవించే ప్రాణులను గురించి 52 చిన్న ప్రసంగాలను ఆమె సామాన్య శ్రోతలకు ఆసక్తి కలిగేలా వ్రాసింది. 1936లో సివిల్ సర్వీసు పరీక్షలో మంచి మార్కులు సాధించి అదే శాఖలో పూర్తికాలపు జీవశాస్త్రవేత్తగా నియమితురాలయింది. వృత్తి నైపుణ్యం గల పదవిలో ఆ శాఖ నియమించిన రెండవ మహిళ ఈమె.

1937 ఆరంభంలో అక్క మరియన్ చనిపోయింది. ఆమె ఇద్దరు కుమార్తెల పెంపకం కూడా కార్సన్, ఆమె తల్లి స్వీకరించారు. కార్సన్ వివాహం చేసుకోలేదు. అయినప్పటికీ జీవితమంతా తన కుటుంబంలోని పిల్లలను పెంచే బాధ్యత ఆమెపై ఉండనే ఉన్నది. పిల్లల గురించి ఆమె వ్రాసిన మాటలకు ఈ అనుభవమే ఆధారం.

మత్స్యశాఖ కరపత్రానికి ఆమె వ్రాసిన ఒక ఉపోద్ఘాతం ప్రభుత్వ ప్రచురణకు తగనంత సాహిత్యపరంగా ఉన్నదని హిగిన్స్ భావించి, దానిని అట్లాంటిక్ మంత్లీ పత్రికకు పంపమని సలహా ఇచ్చాడు. 1937 సెప్టెంబరులో ఆ పత్రికలో అచ్చయిన ఆ వ్యాసం ఆమె రచనా జీవితానికి పునాది వేసింది. దానిని విస్తరించి వ్రాసిన తొలి గ్రంథం అండర్ ద సీ విండ్ 1941 నవంబరులో వెలువడింది. మరుసటి నెలలోనే పెర్ల్ హార్బర్‌పై దాడి జరిగి అమెరికా యుద్ధంలోకి దిగడంతో ఆ పుస్తకాన్ని పట్టించుకొన్నవారు తక్కువ.

సముద్ర గ్రంథాలు

1949 నాటికి కార్సన్ ఫిష్ అండ్ వైల్డ్‌లైఫ్ సర్వీస్ అనే ప్రభుత్వ సంస్థలో ప్రచురణల ప్రధాన సంపాదకురాలి స్థాయికి చేరింది. పగలు ఉద్యోగం, రాత్రి రచన అనే పద్ధతిలో ఆమె వ్రాసిన ద సీ అరౌండ్ అస్ 1951 జూలైలో ప్రచురితమైంది. సముద్రం ఎలా పుట్టింది, అలలు, ఆటుపోట్లు ఎలా ఏర్పడతాయి, లోతులలో ఏమి ఉంటుంది అనే విషయాలను ఇందులో వివరించింది. ఈ పుస్తకం న్యూయార్క్ టైమ్స్ అధిక విక్రయ గ్రంథాల పట్టికలో 86 వారాలు నిలిచింది. 1952లో జాతీయ పుస్తక పురస్కారం పొందింది. దీనితో ఆర్థిక స్వాతంత్ర్యం లభించి, 1952లోనే ఆమె ఉద్యోగానికి రాజీనామా చేసింది.

పుస్తకాలపై వచ్చిన ఆదాయంతో మెయిన్ రాష్ట్రంలోని సౌత్‌పోర్ట్ ద్వీపంలో, షీప్‌స్కాట్ నది సముద్రంలో కలిసే చోట ఒక చిన్న వేసవి ఇల్లు కట్టించుకొన్నది. 1953 నుండి వేసవులు అక్కడనే గడిపేది. అక్కడ పొరుగింటి డొరొతీ ఫ్రీమన్‌తో ఏర్పడిన స్నేహం కార్సన్ మరణం వరకు కొనసాగింది. వారి ఉత్తరాలు 1995లో గ్రంథంగా వెలువడ్డాయి. సముద్రపు ఒడ్డున నివసించే ప్రాణులను గురించిన మూడవ గ్రంథం ద ఎడ్జ్ ఆఫ్ ద సీ 1955లో ప్రచురితమైంది. ఇందులోని చిత్రాలను బాబ్ హైన్స్ గీశాడు.

రోజర్‌తో సముద్రతీరంలో

కార్సన్ పెంచిన అక్క కూతుళ్ళలో ఒకరైన మార్జొరీకి 1952లో రోజర్ అనే కుమారుడు కలిగాడు. తెలుగువారి వరుసలో చెప్పాలంటే ఇతడు కార్సన్‌కు మనుమడు. వేసవిలో తల్లితోపాటు మెయిన్ ఇంటికి వచ్చే ఈ పిల్లవాడు కార్సన్‌కు తోడయ్యాడు.

రోజర్‌కు 20 నెలల వయస్సులో, ఒక శరదృతువు రాత్రి గాలివాన వీస్తుండగా, కార్సన్ అతనిని దుప్పటిలో చుట్టి సముద్రం ఒడ్డుకు ఎత్తుకొని వెళ్ళింది. చీకటిలో పెద్ద అలలు గర్జిస్తూ విరిగిపడుతుంటే ఇద్దరూ సంతోషంతో నవ్వారు. పసివాడు సముద్రాన్ని కొత్తగా చూస్తున్నాడు, ఆమె సగం జీవితం దానితోనే గడిపింది. అయినా ఇద్దరికీ కలిగిన పులకింత ఒక్కటేనని ఆమె తరువాత వ్రాసింది. ఒకటి రెండు రాత్రుల తరువాత టార్చి లైటు పట్టుకొని ఇసుక రంగులో కలిసిపోయే పీతలను వెదకడానికి మళ్ళీ అతనిని తీసుకొని వెళ్ళింది.

తరువాతి వేసవులలో వర్షం పడుతున్నప్పుడు అడవిలో తిరగడం, ఎండలో పెళుసుగా ఉండే లైకెన్లు వానకు తడిసి మెత్తబడడాన్ని చేతితో తాకి చూడడం, ఇంటి పెద్ద కిటికీ ముందు కూర్చొని చంద్రుడు నీటి అవతలి ఒడ్డువైపు దిగిపోవడాన్ని ఒడిలోని పిల్లవానితో కలిసి మౌనంగా చూడడం వారి దినచర్యగా ఉండేది. ఆమె అతనికి పాఠమేదీ చెప్పలేదు. తనకు కనిపించిన వాటిని చూసి తాను సంతోషించింది, ఆ సంతోషాన్ని అతనితో పంచుకొన్నది, మాటల మధ్యలో వాటి పేర్లు పలికింది. పిల్లవానికి నిద్రవేళ దాటిపోయినా, బట్టలు తడిసినా ఆమె లెక్కచేయలేదు. కొద్దికాలానికి రోజర్ నత్తల, ఆల్చిప్పల రకాలను పేర్లతో సహా గుర్తించసాగాడు. తాను ఎన్నడూ నేర్పని పేర్లు అతనికి ఎలా పట్టుబడ్డాయో ఆలోచించినపుడు, ఇద్దరు స్నేహితులు కలసి వెదకినప్పుడు కలిగే ఆనందమే దానికి కారణమని ఆమె గ్రహించింది.

1956 నాటి వ్యాసం

ఈ అనుభవాలను ఆధారం చేసుకొని కార్సన్ వ్రాసిన వ్యాసం విమెన్స్ హోమ్ కంపానియన్ అనే పత్రిక 1956 జూలై సంచికలో ప్రచురితమైంది. పిల్లవానిలోని అబ్బురపాటుకు చేయూతనివ్వండి అనే అర్థం వచ్చేలా దాని శీర్షిక ఉన్నది. తల్లిదండ్రులను ఉద్దేశించి వ్రాసినప్పటికీ ఇది క్రమంగా ఉపాధ్యాయుల పఠనీయ గ్రంథాలలో చేరింది. ఇందులోని ముఖ్యమైన భావాలను ఈ క్రింది విధంగా సంగ్రహించవచ్చు.

మొదటిది, అనుభూతికి, సమాచారానికి మధ్యగల క్రమం. శైశవాన్ని నేలను సిద్ధం చేసే కాలంగా కార్సన్ భావించింది. సమాచారం విత్తనమైతే, అనుభూతి ఆ విత్తనం మొలకెత్తే సారవంతమైన నేల. నేల సిద్ధం కాకముందే విత్తనాలు గుప్పిస్తే ఫలితం ఉండదు. అందమైనదానిని చూసి చలించే మనస్సు, తెలియనిదానిని చూసి కలిగే ఉత్సాహం, ప్రాణుల పట్ల ప్రేమ, జాలి ముందుగా కలిగితే, తెలుసుకోవాలనే కోరిక దానంతట అదే పుడుతుంది. ఆ విధంగా తెలుసుకొన్నది కలకాలం నిలుస్తుంది.

రెండవది, తోడు అవసరం. పిల్లవానిలోని అబ్బురపాటు పుట్టుకతో వచ్చినదే అయినా, దానిని పంచుకొనే పెద్దవారు కనీసం ఒక్కరైనా లేనిదే అది నిలవదని ఆమె అభిప్రాయం. ఆ పెద్దవారు పండితులు కానవసరం లేదు. చాలామంది తల్లిదండ్రులు తమకు ఒక పక్షి పేరు కూడా తెలియదనీ, ఇక పిల్లలకు ఏమి నేర్పగలమనీ వెనుకాడుతారు. తెలియకపోవడం అడ్డంకి కాదనీ, పెద్దవారు కూడా పిల్లవానితోపాటు కొత్తగా చూడడం మొదలుపెడితే చాలుననీ కార్సన్ ధైర్యం చెప్పింది.

మూడవది, ఇంద్రియాల వినియోగం. కంటితోనే కాక చెవితో, ముక్కుతో, చేతివ్రేళ్ళతో లోకాన్ని తెలుసుకోవడం పెద్దలు మరచిపోయిన విద్య అని ఆమె భావించింది. ఆటు సమయంలో తీరపు వాసన, తెల్లవారుజామున పక్షుల కూతలు, రాత్రివేళ తోటలో పురుగుల సంగీతం, శరత్కాలపు రాత్రులలో ఆకాశంలో వలసపోయే పక్షుల పిలుపులు వంటివి ఆమె ఇచ్చిన ఉదాహరణలు. ఒక భూతద్దం ఉంటే పిడికెడు ఇసుక కూడా రత్నాల రాశిలా కనిపిస్తుందని, నాచు ముక్క ఒక దట్టమైన అడవిలా కనిపిస్తుందని వివరించింది.

నాలుగవది, ఇందుకు ధనం గాని, ప్రయాణాలు గాని అవసరం లేకపోవడం. నగరంలో నివసించేవారికి కూడా ఆకాశం, మేఘాలు, నక్షత్రాలు, గాలి, వాన అందుబాటులోనే ఉంటాయి. వంటింటి కిటికీలో కుండీలో నాటిన ఒక విత్తనం మొలకెత్తడం కూడా పిల్లవానితో కలసి ఆలోచించదగిన రహస్యమే. ప్రతిదినం కనిపించేది కనుక పట్టించుకోని నక్షత్రాల ఆకాశం, శతాబ్దానికి ఒకసారి మాత్రమే కనిపించేదయితే జనమంతా ఎగబడి చూసేవారని ఆమె వ్యాఖ్యానించింది.

చివరిగా, ఈ గుణం జీవితాంతం ఎందుకు అవసరమో ఆమె చర్చించింది. ప్రకృతిని చూసి అబ్బురపడగలిగినవారు ఒంటరితనంలో గాని, వృద్ధాప్యపు విసుగులో గాని పూర్తిగా కుంగిపోరనీ, కష్టకాలంలో వారికి ఆ గుణమే బలాన్నిస్తుందనీ ఆమె విశ్వసించింది.

ఈ వ్యాసానికి మంచి ఆదరణ లభించడంతో దీనిని గ్రంథంగా విస్తరించాలని కార్సన్ నిశ్చయించుకొన్నది.

దత్తత, నిశ్శబ్ద వసంతం

1957 ఆరంభంలో మార్జొరీ అనారోగ్యంతో మరణించింది. అప్పటికి రోజర్‌కు అయిదేళ్ళు నిండలేదు. కార్సన్ అతనిని దత్తత తీసుకొన్నది. అప్పుడామె వయస్సు 49 సంవత్సరాలు. ఇంటిలో వృద్ధురాలైన తల్లి బాధ్యత కూడా ఉన్నది. 1958 డిసెంబరులో తల్లి మరియా కన్నుమూసింది.

ఇదే సమయంలో పురుగుమందుల సమస్య ఆమె దృష్టిని ఆకర్షించింది. రెండవ ప్రపంచ యుద్ధానంతరం డి.డి.టి. మొదలైన రసాయనాలను అమెరికాలో విమానాల ద్వారా పొలాలపై, అడవులపై, ఊళ్ళపై కూడా చల్లసాగారు. 1958 జనవరిలో మసాచుసెట్స్‌లోని ఓల్గా ఓవెన్స్ హకిన్స్ అనే రచయిత్రి, దోమల నివారణకు చల్లిన మందు వలన తమ ఆవరణలోని పక్షులు చనిపోయాయని తెలుపుతూ వ్రాసిన లేఖ కార్సన్‌ను కదిలించింది. ఈ విషయంపై వ్రాయవలసిందిగా ఆమె కొందరు ఇతర రచయితలను కోరింది. చివరకు తానే పూనుకొన్నది. పిల్లల గురించి తలపెట్టిన గ్రంథం ఈ విధంగా వెనుకబడింది.

ఈ రెండు గ్రంథాలు పైకి వేరువేరుగా కనిపించినా, వాటి మూలం ఒక్కటే. పక్షుల పాట వినడం పిల్లలకు నేర్పాలని మొదటి రచనలో చెప్పిన రచయిత్రి, ఆ పాటే వినిపించని వసంతం రాబోతున్నదని రెండవ రచనలో హెచ్చరించింది. పక్షులే లేని చోట పిల్లవాడు దేనిని చూసి అబ్బురపడాలి అన్న ప్రశ్న ఈ రెండింటినీ కలుపుతుంది.

నాలుగేళ్ళకు పైగా సాగిన ఈ రచనా కాలంలో కార్సన్ తీవ్రమైన అనారోగ్యానికి గురయింది. 1960లో రొమ్ము క్యాన్సరుకు శస్త్రచికిత్స జరిగింది. వైద్యుడు మొదట అసలు సంగతి ఆమెకు చెప్పలేదు. ఆ సంవత్సరాంతానికి వ్యాధి వ్యాపించినట్లు తెలిసింది. తన అనారోగ్యం బయటపడితే, తన వాదన శాస్త్రీయమైనది కాదనీ, వ్యక్తిగతమైనదనీ ప్రత్యర్థులు అనగలరన్న ఆలోచనతో ఆమె ఈ విషయాన్ని రహస్యంగా ఉంచింది.

1962 జూన్‌లో న్యూయార్కర్ పత్రికలో భాగాలుగాను, సెప్టెంబరు 27న గ్రంథరూపంలోను సైలెంట్ స్ప్రింగ్ వెలువడింది. ఇందులో ఆధారాల పట్టికయే 50 పుటలకు మించి ఉన్నది. రసాయన పరిశ్రమ ఈ గ్రంథంపై తీవ్రంగా దాడి చేసింది. అవివాహిత అయిన స్త్రీ, భావోద్వేగాలకు లోనయిన మనిషి అంటూ వ్యక్తిగత విమర్శలు కూడా వచ్చాయి. అయితే 1963 మే నెలలో అధ్యక్షుడు కెనెడీ శాస్త్ర సలహా సంఘం ప్రకటించిన నివేదిక చాలావరకు ఆమె వాదనను సమర్థించింది. 1963 జూన్ 4న ఆమె అమెరికా సెనేటు ఉపసంఘం ముందు సాక్ష్యం చెప్పింది.

చివరి రోజులు

1963 వేసవి ఆమెకు మెయిన్‌లో చివరి వేసవి అయింది. నడక కష్టమవుతున్నా తీరానికి వెళ్ళి పక్షులను, సీతాకోకచిలుకల వలసను చూసి ఆనందించింది. 1964 ఏప్రిల్ 14న మేరీలాండ్ రాష్ట్రంలోని సిల్వర్ స్ప్రింగ్‌లో తన ఇంట మరణించింది. అప్పటికి ఆమె వయస్సు 56 సంవత్సరాలు. చితాభస్మంలో కొంత భాగాన్ని తల్లి సమాధి వద్ద ఉంచగా, మిగిలినది మెయిన్ తీరంలో సముద్రంలో కలిపారు. రోజర్‌కు అప్పటికి 12 సంవత్సరాలు. కార్సన్ గ్రంథాల సంపాదకుడైన పాల్ బ్రూక్స్ కుటుంబం అతని పెంపకాన్ని స్వీకరించింది.

గ్రంథరూపం

కార్సన్ విస్తరించలేకపోయిన 1956 నాటి వ్యాసాన్ని 1965లో హార్పర్ అండ్ రో సంస్థ, చార్లెస్ ప్రాట్ తదితరులు తీసిన ఛాయాచిత్రాలతో ద సెన్స్ ఆఫ్ వండర్ అనే పేరిట ప్రచురించింది. 1998లో నిక్ కెల్ష్ ఛాయాచిత్రాలతో, కార్సన్ జీవితచరిత్ర వ్రాసిన లిండా లియర్ పీఠికతో దీని కొత్త ముద్రణ వెలువడింది. వ్యాసం కొద్ది పుటలకు మించదు. అయినా ఇది తన మిగిలిన గ్రంథాలతో సమానంగా నిలిచింది.

విద్యారంగంపై ప్రభావం

ప్రాథమిక విద్యలో, ముఖ్యంగా ఆరుబయట సాగే విద్యలో, ఈ చిన్న పుస్తకం ప్రభావం చెప్పుకోదగినది. పర్యావరణ విద్య అనగా కాలుష్యాన్ని, వినాశనాన్ని గురించిన సమాచారమే అన్న ధోరణికి బదులు, చిన్న పిల్లలకు ముందుగా ప్రకృతితో స్నేహం ఏర్పడాలన్న అభిప్రాయానికి ఇది బలాన్నిచ్చింది. 2005లో లాస్ట్ చైల్డ్ ఇన్ ద వుడ్స్ అనే గ్రంథంలో, పిల్లలు ప్రకృతికి దూరం కావడం వలన కలిగే నష్టాలను చర్చించిన రిచర్డ్ లూవ్ వంటి రచయితలు కూడా ఇదే మార్గంలో ఆలోచించారు. కార్సన్ చివరి రోజుల ఆధారంగా నటి కైయులానీ లీ వ్రాసి, ప్రదర్శించిన ఏకపాత్ర నాటకానికి కూడా ఈ పుస్తకం పేరే పెట్టారు. ఆ నాటకం 2008లో చలనచిత్రంగా వచ్చింది.

విమర్శలు

అనుభూతికి ప్రాధాన్యం ఇచ్చే విద్యలో క్రమబద్ధమైన శాస్త్రజ్ఞానం వెనుకబడుతుందన్న విమర్శ ప్రకృతి అధ్యయన ఉద్యమంపై మొదటినుండీ ఉన్నది. 20వ శతాబ్ది రెండవ పాదం నాటికి అమెరికా బడులలో ఆ పాఠాల స్థానాన్ని ప్రాథమిక విజ్ఞానశాస్త్రం ఆక్రమించడానికి ఇది ఒక కారణం. కార్సన్ వ్యాసానికి కూడా ఈ విమర్శ కొంత వర్తిస్తుంది. తరగతి గదిలో నలభై మంది పిల్లలున్న ఉపాధ్యాయుడు ఏమి చేయాలో అందులో లేదు. అయితే ఆమె శాస్త్రజ్ఞానాన్ని నిరాకరించలేదు. అది ఎప్పుడు రావాలి అన్న క్రమాన్ని మాత్రమే సూచించింది. పొలంలో పక్షులను వింటూ పెరిగిన ఆమె, వేలాది పరిశోధన పత్రాలను పరిశీలించి సైలెంట్ స్ప్రింగ్ వ్రాయగలగడం ఈ క్రమానికి ఒక నిదర్శనంగా చెప్పవచ్చు.

డి.డి.టి. నిషేధం వలన మలేరియా పెరిగిందనీ, అందుకు కార్సనే కారణమనీ తరువాతి కాలంలో కొందరు ఆరోపించారు. కార్సన్ పురుగుమందులను పూర్తిగా నిషేధించాలని కోరలేదు. విచక్షణ లేని వాడకం వలన కీటకాలు మందును తట్టుకొనే శక్తిని సంపాదించుకొంటాయనీ, అప్పుడు వ్యాధుల నివారణకే ఆ మందు పనికిరాకుండా పోతుందనీ ఆమె హెచ్చరించింది.

గౌరవాలు

1970లో అమెరికాలో పర్యావరణ పరిరక్షణ సంస్థ ఏర్పడడానికి, 1972లో అక్కడ వ్యవసాయంలో డి.డి.టి. వాడకం నిషేధింపబడడానికి కార్సన్ కృషి దోహదం చేసింది. మెయిన్ తీరంలోని ఒక వన్యప్రాణి సంరక్షణ కేంద్రానికి ఆమె పేరు పెట్టారు. 1980లో అధ్యక్షుడు జిమ్మీ కార్టర్ ఆమెకు మరణానంతరం ప్రెసిడెన్షియల్ మెడల్ ఆఫ్ ఫ్రీడమ్ ప్రకటించాడు. ఆ పతకాన్ని రోజర్ అందుకొన్నాడు. స్ప్రింగ్‌డేల్‌లో తల్లి ఆమెకు తొలి పాఠాలు చెప్పిన ఇంటిని 1976లో జాతీయ చారిత్రక స్థలాల పట్టికలో చేర్చారు.

ముఖ్య రచనలు

- అండర్ ద సీ విండ్ (1941)
- ద సీ అరౌండ్ అస్ (1951)
- ద ఎడ్జ్ ఆఫ్ ద సీ (1955)
- సైలెంట్ స్ప్రింగ్ (1962)
- ద సెన్స్ ఆఫ్ వండర్ (1965, మరణానంతర ప్రచురణ)